బ్రాహ్మీ లిపి మళ్ళీ చదువుకు వచ్చిన తీరు

(రికార్డింగు నుంచి అక్షరబద్ధం చేసిన ప్రసంగ పాఠం)

సభలోని పెద్దలకు, చరిత్ర విద్యార్థులకు, శాసనాల మీద ఇష్టంతో వచ్చిన మిత్రులందరికీ నమస్కారం.

ఇవాళ నా విషయం బ్రాహ్మీ లిపి. ఇంకా కచ్చితంగా చెప్పాలంటే, మనం పూర్తిగా మరచిపోయిన ఆ లిపిని పండితులు మళ్ళీ ఎలా చదవగలిగారన్నది. మన తెలుగు అక్షరాలు, కన్నడం, తమిళం, దేవనాగరి, బెంగాలీ, ఒడియా, సింహళం, బర్మా దేశపు లిపి, థాయి లిపి, అన్నీ ఆ బ్రాహ్మీ సంతానమే. మరి ఇంతమంది సంతానం నిత్యం రాతలో, చదువులో బతికి ఉండగా మూలలిపిని చదవగలిగే మనిషి ఒక్కడు కూడా మిగలకుండా పోవడం ఎలా జరిగింది? ఈ ప్రశ్న మీ మనసులో ఉంచుకోండి, ఎందుకంటే జవాబు కూడా ఇందులోనే ఉంది. లిపి ఒక్కరోజున మారదు. ప్రతి తరమూ తన ముందు తరం రాతను చదవగలుగుతుంది, తన రాతను మాత్రం కొద్దిగా మారుస్తుంది. ఎవరికీ ఏమీ పోగొట్టుకున్నట్టు అనిపించదు. వెయ్యేళ్ళు గడిచేసరికి మొదటి రాత ఎవరికీ అందనంత దూరం వెళ్ళిపోతుంది.

ఎంత దూరం వెళ్ళిందో చెప్పడానికి ఒక ఉదాహరణ చాలు. 14వ శతాబ్దిలో ఢిల్లీ సుల్తాను ఫిరోజ్ షా తుగ్లక్, ఇప్పటి హర్యానాలోని తోప్రా గ్రామం నుంచి ఒక రాతి స్తంభాన్ని ఢిల్లీకి తెప్పించాడు. ఆ కాలపు చరిత్రకారుడు షమ్స్ సిరాజ్ అఫీఫ్ ఈ తరలింపును వివరంగా రాశాడు. స్తంభం చుట్టూ దూదిపరుపులు పేర్చి మెల్లగా పడుకోబెట్టారట. 42 చక్రాల బండి కట్టి, ఒక్కొక్క చక్రానికి తాళ్ళు కట్టి 200 మంది చొప్పున లాగి, యమునలో పడవల మీదికి ఎక్కించారట. ఢిల్లీలో నిలబెట్టిన తరువాత, దాని మీద ఉన్న రాతను చదవమని సుల్తాను బ్రాహ్మణ పండితులను పిలిపించాడు. ఎవరికీ చేతకాలేదు. కొందరు మాత్రం, ఫిరోజ్ అనే సుల్తాను పుట్టే దాకా ఈ స్తంభాన్ని ఎవరూ కదల్చలేరని అందులో రాసి ఉందని చెప్పారట. ఆ తరువాత 17వ శతాబ్ది ఆరంభంలో వచ్చిన ఇంగ్లీషు యాత్రికుడు టామస్ కొరియట్ అది గ్రీకు రాత అనుకున్నాడు, అలెగ్జాండరు వేయించాడనుకున్నాడు. నిజానికి ఆ స్తంభం మీద ఉన్నవి అశోకుడు తన ప్రజలతో నేరుగా చెప్పిన మాటలు. అవి సుమారు రెండువేల ఏళ్ళు అందరి కళ్ళ ముందూ ఉన్నాయి.

ఇప్పుడు చదివిన తీరుకు వద్దాం. మన పాఠ్యపుస్తకాల్లో ఈ విషయం ఒక్క వాక్యంలో ముగుస్తుంది: 1837లో జేమ్స్ ప్రిన్సెప్ బ్రాహ్మీ లిపిని చదివాడు. వాక్యం తప్పు కాదు. కానీ అది చదివిన విద్యార్థికి, ఒక మేధావి ఒకరోజు కూర్చుని తాళం తీసేశాడన్న భావన కలుగుతుంది. అసలు జరిగింది వేరు. యాభై ఏళ్ళకు పైగా సాగిన పని ఇది. దీనిలో పండితులున్నారు, సైనికాధికారులున్నారు, మిషనరీలున్నారు, నాణేలు సేకరించినవారున్నారు. చివరికి తాళం తెరిపించినవి రాజుల శాసనాలు కావు. పేరు ఊరు తప్ప మనకు మరేమీ తెలియని మామూలు దాతలు చెక్కించుకున్న చిన్న చిన్న రాతలు. ఈ మాట నేను మళ్ళీ మళ్ళీ చెబుతాను, ఎందుకంటే ఇవాళ నేను మీ ముందు పెట్టదలచుకున్న అసలు విషయం ఇదే.

మొదటి పద్ధతి, తెలిసిన దాని నుంచి తెలియని దానికి మెట్టు మెట్టుగా దిగడం. కలకత్తాలో 1784లో విలియం జోన్స్ ఆసియాటిక్ సొసైటీని స్థాపించాడు. మరుసటి ఏడాదే రాధాకాంత శర్మ అనే పండితుడు, ఇందాక చెప్పిన తోప్రా స్తంభం మీదే ఉన్న మరో శాసనాన్ని చదివాడు. అది 12వ శతాబ్దికి చెందిన చౌహాన్ రాజు వీసలదేవుడిది. నాగరికి దగ్గరగా ఉంది కనుక అందింది. ఒకే రాయి మీద ఒక రాత చదవడానికి వచ్చింది, దాని పక్కన ఉన్నది రాలేదు. అదే రోజుల్లో చార్లెస్ విల్కిన్స్ పాల రాజుల కాలపు రాతను, ఆ తరువాత గయ దగ్గర నాగార్జుని కొండ గుహలో మౌఖరి అనంతవర్మ శాసనాన్ని చదివాడు. ఇది పెద్ద అంగ. అనంతవర్మ శాసనంలోని లిపి గుప్తుల కాలపు లిపికి చాలా దగ్గర. అంటే ఆధునిక నాగరి నుంచి బ్రాహ్మీకి ఉన్న దూరంలో సగానికి పైగా అప్పుడే దాటారన్నమాట. అయితే ఆ తరువాత దాదాపు అర్ధశతాబ్దం ఆ మెట్టు మీదే ఆగిపోయారు.

మళ్ళీ కదలిక వచ్చింది 1830లలో. అలహాబాదు స్తంభం మీద అశోకుడి రాత ఉంది, సముద్రగుప్తుడి ప్రశస్తి ఉంది, మొగలు పాదుషా జహంగీరు వేయించిన పారశీక రాత కూడా ఉంది. మూడు యుగాలు ఒకే రాయి మీద ఉన్నాయన్నమాట. 1834లో కెప్టెన్ ట్రోయర్, ఆ వెంటనే రెవరెండ్ మిల్, సముద్రగుప్తుడి ప్రశస్తిని చదివి అర్థం చెప్పారు. దాంతో గుప్త లిపి గట్టిగా చేతికి వచ్చింది. ఇక మిగిలింది దాని కిందున్న మెట్టు.

ఇక్కడ ప్రిన్సెప్ గురించి రెండు మాటలు. ఈయన 1799లో పుట్టాడు, ఇరవై ఏళ్ళ వయసులో ఈ దేశానికి వచ్చాడు. వృత్తి చరిత్ర కాదు, సంస్కృతమూ కాదు. టంకశాలలో లోహాల నాణ్యతను పరీక్షించే అధికారి. చాలా ఏళ్ళు కాశీలో, తరువాత కలకత్తాలో పని చేశాడు. 1832 నుంచి ఆసియాటిక్ సొసైటీ కార్యదర్శి. నాణేలు తూచి, కరిగించి, పోల్చి చూసే మనిషి కనుక, శాసనాన్ని కూడా మొదట అర్థం కోసం చూడలేదు; లెక్క కోసం చూశాడు. ఏ గుర్తు ఎన్నిసార్లు వచ్చింది? ఏ గుర్తుకు ఏ ఏ చిన్న గీతలు తగులుకుంటున్నాయి? అలహాబాదు శాసనాన్ని ముందు పెట్టుకుని 1834లో ఆయన ఒక పట్టిక వేశాడు. ఒకే మూల గుర్తు, దానికి పైన, కింద, పక్కన చేరే గీతలతో కొన్ని రూపాలుగా మారుతూ కనిపించింది.

ఈ పట్టిక ఏమిటో మీకెవరికైనా వేరుగా చెప్పాలా? ఇది గుణింతం. క, కా, కి, కు, కే. మనం ఒకటో తరగతిలో వల్లె వేసిన గుణింతమే. అర్థం ఒక్క ముక్క తెలియకపోయినా, ఈ గుణింతపు అమరిక కనబడగానే ఒక పెద్ద సంగతి తేలిపోయింది. ఇది గ్రీకు రాత కాదు, భారతీయ లిపుల కుటుంబానికి చెందినదే.

రెండో సంగతి కూడా ఆ ఏడాదే తేలింది. నేపాలులో ఉన్న బ్రయాన్ హాడ్జ్‌సన్, బిహారులోని బెతియా దగ్గరి స్తంభం రాత నకలు పంపాడు. ప్రిన్సెప్ దాన్ని ఢిల్లీ నకలుతో, అలహాబాదు నకలుతో పక్కపక్కన పెట్టి చూశాడు. మూడింటిలోనూ ఉన్నది ఒకే పాఠం! వందల మైళ్ళ ఎడంలో ఉన్న మూడు రాళ్ళ మీద అక్షరం పొల్లు పోకుండా ఒకే మాట. అంటే ఒక చోట పెచ్చు లేచిపోయిన అక్షరాన్ని మరో చోట సరిచూసుకోవచ్చు. ఇంతటి వెసులుబాటు ఉన్నా ఆ శాసనాలు లొంగలేదు. ఎందుకు?

నా అభిప్రాయంలో రెండు కారణాలు. ఒకటి, చాలామంది ఇది సంస్కృతమే అయి ఉంటుందనుకుని వెతికారు. సంస్కృతమైతే సంయుక్తాక్షరాలు అడుగడుగునా కనిపించాలి. ఈ శాసనాల్లో అవి అరుదు. రాతలో ఉన్నది ప్రాకృతం, జనం మాట్లాడుకునే భాష. రెండోది, రాజు వేయించిన పొడవాటి పాఠంలో ఎక్కడ మాట మొదలవుతుందో, ఎక్కడ ముగుస్తుందో పట్టుకోవడానికి ఆధారం ఉండదు. విషయం ఏమిటో ఊహకు అందదు. ప్రార్థనా, యుద్ధవర్ణనా, భూమి కొలతలా? ఏదైనా కావచ్చు. కొన్ని అక్షరాలు మాత్రం అప్పటికే ఒక్కొక్కటిగా బయటపడుతున్నాయి. పశ్చిమ తీరంలో రెవరెండ్ స్టీవెన్‌సన్ కార్లే గుహల రాతల నుంచి కొన్ని అక్షరాల విలువ సరిగ్గానే చెప్పాడు. 1836లో జర్మన్ పండితుడు క్రిస్టియన్ లాసెన్, గ్రీకు రాజు అగథోక్లిస్ నాణెం మీద ఒక వైపు గ్రీకులో ఉన్న పేరును రెండో వైపు బ్రాహ్మీలో గుర్తుపట్టాడు. ద్విభాషా ఆధారం అంటే ఇదే. కానీ ఒక్క నాణెం మీద ఉండే అక్షరాలెన్ని? వాటితో రాజశాసనం తెరుచుకోదు.

ఇప్పుడు సాంచీకి రండి. ఇక్కడ కొంచెం నిదానంగా వెళదాం.

సాంచీ స్తూపం చుట్టూ రాతి కంచె ఉంటుంది, మీలో చాలామంది చూసే ఉంటారు. నిలువు స్తంభాలు, వాటి మధ్య అడ్డంగా దూర్చిన పలకలు. ఆ స్తంభాల మీద, పలకల మీద, ఇక్కడొక రాత, అక్కడొక రాత, అన్నీ చిన్న చిన్నవి. కెప్టెన్ ఎడ్వర్డ్ స్మిత్ వాటి నకళ్ళు తీసి కలకత్తాకు పంపాడు. 1837లో ప్రిన్సెప్ వాటిని తన పత్రికలో అచ్చు వేయడానికి, ఒక అచ్చుపలక మీద వరుసగా అమర్చుకుంటున్నాడు. అలా ఒకదాని కింద ఒకటి పేర్చినప్పుడు కంటికి తగిలింది: దాదాపు అన్ని రాతలూ అవే రెండు అక్షరాలతో ముగుస్తున్నాయి.

ఆయన ఆలోచన సాగిన వరుసను ఆయనే రాసిపెట్టాడు కనుక మనం అడుగు అడుగునా అనుసరించవచ్చు. ఇవి విడివిడి రాళ్ళ మీద విడివిడిగా పూర్తయిన రాతలు. కనుక ఒకే పెద్ద పాఠంలోని ముక్కలు కావు. మరి ఒక పవిత్ర కట్టడం చుట్టూ, ఒకే ముగింపుతో ఇన్ని చిన్న రాతలు ఎందుకుంటాయి? చనిపోయినవారి స్మారకాలు కావాలి, లేదా భక్తులు ఇచ్చుకున్న కానుకల గుర్తులు కావాలి. బర్మా బౌద్ధాలయాల్లో ధ్వజాల మీద, విగ్రహాల మీద, చిన్న చైత్యాల మీద ఇచ్చినవారి పేరు రాసే ఆచారం ఆయనకు తెలుసు. చూడండి, ఇక్కడ ఆయనకు సాయపడింది వ్యాకరణం కాదు, బతికి ఉన్న ఒక ఆచారం. మన ఊళ్ళలో గుడి మెట్టు మీద, బడి గోడ మీద, ఫ్యాను రెక్క మీద దాత పేరు రాసే అలవాటు ఇప్పటికీ ఉంది కదా?

తరువాతి అడుగు. ఆ చివరి మాటకు ముందు చాలా చోట్ల ఒకే అక్షరం వస్తోంది. సౌరాష్ట్ర నాణేల మీద పని చేస్తూ ఆ అక్షరం ‘స’ అనీ, అది షష్ఠీ విభక్తి అనీ ఆయన అప్పటికే తెలుసుకున్నాడు. సంస్కృతంలో ‘స్య’ ఉన్న చోట ప్రాకృతంలో ‘స’ వస్తుంది. అంటే ‘ఫలానావారి’ అని. ఫలానావారి ఏమిటి? ఫలానావారి కానుక. ఇక చివరి రెండు అక్షరాలను చూడండి. మొదటి అక్షరానికి పైభాగాన కుడివైపుకు చిన్న అడ్డగీత ఉంది, అది దీర్ఘం. రెండో అక్షరం పక్కన ఒక చుక్క ఉంది, అది అనుస్వారం. మన తెలుగు సున్న ఆ చుక్క నుంచి వచ్చిందే. దీర్ఘంతో ఒక అక్షరం, సున్నతో ఒక అక్షరం, అర్థం కానుక. మీరే చెప్పండి, ఏమిటా మాట?

దానం. అంతే. మీరందరూ ఇక్కడ కూర్చుని ఒక్క క్షణంలో చెప్పగలిగారు. ఈ మాట భారతీయ భాషలు తెలిసిన ఎవరికైనా నాలుక మీదే ఉంటుంది. దాన్ని అక్కడ వెతకాలని తోచడమే కష్టం. ఆ రెండు అక్షరాలు, ద, న, అప్పటిదాకా ఆయనను ఎక్కువగా తిప్పలు పెట్టినవి, ఎందుకంటే తరువాతి కాలపు రూపాలకు అవి బొత్తిగా దూరం. బ్రాహ్మీ న అంటే కింద ఒక అడ్డగీత, దాని మీద ఒక నిలువు గీత, అంతే. ఈ రెండూ తెలియగానే మిగిలినవి కూడా వాటి వాటి చోట్ల సర్దుకున్నాయి. కొన్ని నిమిషాల్లోనే అక్షరమాల మొత్తం తన చేతికి వచ్చిందని ఆయన రాసుకున్నాడు. ‘ఇసపాలితస చ సమనస చ దానం’, ఇసపాలితుడి, సమనుడి దానం. ఇలాంటి రాతలు ఒకదాని వెంట ఒకటి తెరుచుకున్నాయి.

ఆ కొన్ని నిమిషాల వెనక యాభై ఏళ్ళున్నాయి. గుప్త లిపి చదవకపోతే, గుణింతపు పట్టిక లేకపోతే, నాణేల మీద షష్ఠీ విభక్తి తెలియకపోతే, ఆ రెండు అక్షరాలు ఆయనకు కూడా రెండు గీతలుగానే ఉండిపోయేవి. ఇంకొకటి కూడా గమనించండి. సాంచీ దాతల్లో భిక్షుణులున్నారు, ఇల్లాళ్ళున్నారు, వ్యాపారులున్నారు. దక్షిణ తోరణం మీద శిల్పం విదిశ పట్టణపు దంతపు పనివారు చెక్కినదని రాసి ఉంది. చక్రవర్తి మాట చదవడానికి కావలసిన అక్షరాలు ఇలాంటివారి పేర్ల నుంచి వచ్చాయి. వారి రాతలు చిన్నవి, ఒకే మూసలో ఉన్నవి, పదే పదే వచ్చేవి. చరిత్రకారులు సాధారణంగా పక్కన పెట్టే లక్షణాలే ఇక్కడ పనికొచ్చాయి.

వెంటనే ఆయన ఢిల్లీ స్తంభానికి వెళ్ళాడు. మొదటి వాక్యం పలికింది: ‘దేవానంపియే పియదసి లాజ హేవం ఆహా’. దేవతలకు ప్రియుడైన ప్రియదర్శి రాజు ఇలా అంటున్నాడు. ‘రాజ’ కాదు, ‘లాజ’. మగధ ప్రాకృతంలో ర స్థానంలో ల పలుకుతారు. సంస్కృతం కోసం వెతికినవారికి ఇది ఎంత అడ్డంకో ఆలోచించండి. ఈ దశలో ప్రిన్సెప్ పక్కన కమలాకాంత విద్యాలంకారుడనే సంస్కృత పండితుడు, రత్నపాలుడనే పాళీ తెలిసిన పండితుడు ఉన్నారు. ప్రిన్సెప్‌కు అక్షరాలు తెలిశాయి కానీ భాష మీద అంత పట్టు లేదు. ఈ ఇద్దరి పేర్లు మన పుస్తకాల్లో కనిపించవు. కనిపించాలని నేను గట్టిగా అనుకుంటాను.

సరే, అక్షరాలు వచ్చాయి, అర్థం వచ్చింది. ఎవరీ ప్రియదర్శి? పురాణాల రాజవంశ పట్టికల్లో ఆ పేరు లేదు. ప్రిన్సెప్ మొదట సింహళ రాజు దేవానంపియ తిస్సుడేమో అనుకున్నాడు. జవాబు సింహళం నుంచే వచ్చింది. అక్కడి ప్రభుత్వోద్యోగి జార్జ్ టర్నర్, పాళీ గ్రంథం దీపవంసంలో ఒక చోటు చూపించాడు: బుద్ధుడి నిర్వాణం తరువాత 218 ఏళ్ళకు పట్టాభిషిక్తుడైన పియదస్సి చంద్రగుప్తుడి మనవడు, అంటే అశోకుడు. ఆ తరువాత 1838లో గుజరాతులోని గిర్నార్ శిల నకలు, ఒడిశాలో ధౌలి దగ్గర మార్క్‌హామ్ కిట్టో తీసిన నకలు పక్కపక్కకు చేరాయి. రెంటిలోనూ చాలా భాగం ఒకే పాఠమని తేలింది. గిర్నార్ రాతలో అంతియోకుడు, తురమాయుడు లాంటి యవన రాజుల పేర్లు దొరికాయి. అంటే ఆంటియోకస్, టాలెమీ. గ్రీకు చరిత్రలో వారి కాలం తెలుసు కనుక అశోకుడి కాలం కూడా తెలిసిపోయింది. ప్రాచీన భారత చరిత్రకు ఒక గట్టి తేదీ దొరికింది. అదే ఏడాది చివర్లో ప్రిన్సెప్ ఆరోగ్యం పూర్తిగా దెబ్బతిని స్వదేశానికి వెళ్ళిపోయాడు. 1840లో, నలభై ఏళ్ళ వయసులో కన్నుమూశాడు.

అశోకుడన్న పేరు శాసనంలోనే కంటికి కనబడింది మాత్రం 1915లో, అప్పటి నిజాం రాజ్యంలోని రాయచూరు జిల్లా మస్కిలో. బంగారు గనుల పని మీద తిరుగుతున్న బీడన్ అనే ఇంజనీరు ఆ రాయిని కనుగొన్నాడు. హెచ్. కృష్ణశాస్త్రి హైదరాబాదు పురావస్తు శాఖ తరఫున ఆ పాఠాన్ని ప్రచురించాడు. ‘దేవానంపియస అసోకస’. టర్నర్ గ్రంథం చూసి చెప్పిన మాటకు రాయే సాక్ష్యం చెప్పింది.

మన ప్రాంతం మాటకు వద్దాం. కల్నల్ మెకంజీ సేకరించిన అమరావతి శాసనాల నకళ్ళు కలకత్తాలో ఉండేవి. ప్రిన్సెప్ 1837లోనే వాటిని కూడా తన పత్రికలో ప్రకటించి చదవడానికి ప్రయత్నించాడు. అమరావతి రాతలు కూడా సాంచీ రాతల్లాంటివే, దాతల రాతలు. అందులో ఒకటి విధికుడనే తోలుపనివాడిది. తల్లితో, భార్యతో, అన్నదమ్ములతో, పిల్లలతో కలిసి పూర్ణఘటం చెక్కిన పలకను ఇచ్చానని చెప్పుకున్నాడు. కర్నూలు ప్రాంతపు ఎర్రగుడి శిలల మీద మరో వింత ఉంది. అక్కడి చిన్న శాసనంలో కొన్ని వరుసలు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు నడుస్తాయి. అక్షరాలన్నీ తెలిసినవాడు కూడా దిక్కు తెలియకపోతే అక్కడ తడబడతాడు.

భట్టిప్రోలు ఇంకా లోతైన పరీక్ష. 1892లో అలెగ్జాండర్ రీ అక్కడి స్తూపాన్ని తవ్వినప్పుడు ధాతు కరండాలు, అంటే బుద్ధుడి అవశేషాలు ఉంచే పేటికలు, దొరికాయి. వాటి మీది రాతను జార్జ్ బ్యూలర్ చదివాడు. మామూలు బ్రాహ్మీలో గుర్తేమీ లేని హల్లును అకారంతో పలకాలి. భట్టిప్రోలులో అలా కాదు. గుర్తు లేకపోతే అది పొల్లు హల్లు. అశోకుడి రాతలో దీర్ఘానికి వాడే అడ్డగీత ఇక్కడ హ్రస్వమైన అకారానికి గుర్తు. దీర్ఘానికి వేరే గుర్తు ఉంది. ప్రిన్సెప్ పట్టికను ఉన్నదున్నట్టుగా పెట్టుకుని చదివితే అ అన్న చోటల్లా ఆ అని చదువుతాం. ఘ లాంటి కొన్ని అక్షరాల రూపమే వేరు. ఆ కరండాల మీద కుబిరక రాజు పేరుంది. కురుడి తండ్రి, కురుడి తల్లి, కురుడు, శివుడు కలిసి బుద్ధుడి ధాతువుల కోసం పేటికను, స్ఫటికపు భరిణెను చేయించారన్న రాత కూడా ఉంది. 1837తో పని పూర్తి కాలేదని చెప్పడానికి భట్టిప్రోలు కంటే మంచి ఉదాహరణ నాకు తెలియదు.

చివరగా, ఎక్కడ మాట్లాడినా నన్ను అడిగే ప్రశ్న ఒకటుంది కనుక ముందే చెబుతాను. సింధు లిపిని ఈ పద్ధతిలోనే ఎందుకు చదవకూడదు? అవి కూడా చిన్న రాతలే, పదే పదే వచ్చేవే కదా? నిజమే. సగటున ఒక్కో రాతలో అయిదు గుర్తులే ఉంటాయి. ఐరావతం మహాదేవన్ 1977లో ప్రచురించిన పట్టికలో 417 గుర్తులున్నాయి. కానీ సాంచీ రాతల చిన్నతనం ఒక్కటే తాళం తీయలేదు. వాటి వెనక పైనుంచి దిగివచ్చిన మెట్లున్నాయి, కిందా పైనా బతికి ఉన్న లిపులున్నాయి, భాష ప్రాకృతమని తేల్చే విభక్తి ఉంది, ఒక ద్విభాషా నాణెం ఉంది. సింధు లిపికి అందరూ ఒప్పుకున్న సంతతి లేదు, భాష ఏదో తేలలేదు, ద్విభాషా శాసనం ఇప్పటిదాకా దొరకలేదు. చదివేశామని ప్రకటించేవారు తరచూ వస్తుంటారు. అలాంటివారిని మీరు అడగవలసింది ఒక్కటే: మీ పట్టికతో, మీరు ముందుగా చూడని రాతను మరొకరు చదివితే అర్థం వస్తుందా? ప్రిన్సెప్ అక్షరమాలకు జరిగిన పరీక్ష అదే. ఆయన చనిపోయిన తరువాత దొరికిన మస్కి రాయిని, ఎర్రగుడి రాయిని ఆయన అక్షరాలతోనే చదివారు.

నేను చెప్పదలచుకున్నది ఇంతే. మీ ప్రశ్నలకు సమయం ఉంది, అడగండి.